ఎప్పుడూ కట్టని కాలనీ కోసం ఖాళీ అయిన మూడు ఊళ్ళు



ఇది పెద్ద పోస్టు. బస్సులోనో, రాత్రి హాస్టల్లో చదువు అయిపోయాకో తీరిగ్గా చదవండి. ఈసారి రాస్తున్నది మన ఏజెన్సీ గురించి కాదు, అమెరికాలోని లాస్ ఏంజెలెస్ నగరం గురించి. అక్కడ 75 ఏళ్ళ కింద గీసిన ఒక పెద్ద కాలనీ ప్లాన్ గురించి. ఆ కాలనీలో ఒక్క ఇల్లు కూడా కట్టలేదు. కానీ దాని కోసం మూడు ఊళ్ళు ఖాళీ అయ్యాయి. మనకెందుకు ఈ కథ అంటే, చివర్లో మన భూసేకరణ చట్టం దగ్గరికి వస్తాం. అప్పుడు చూద్దాం.

చండీగఢ్ గురించి పోటీ పరీక్షలకు చదివినవాళ్ళకు లె కార్బూజియే పేరు తెలిసే ఉంటుంది. ఆయన 1925లో పారిస్ నగరం నడిబొడ్డుకి ఒక ప్లాన్ గీశాడు. పాత వీధులన్నీ తీసేసి, వాటి జాగాలో 60 అంతస్తుల టవర్లు 18 నిలబెట్టాలని. ఎగ్జిబిషన్‌లో పెట్టాడు. జనం చూశారు, తిట్టినవాళ్ళు తిట్టారు, మెచ్చుకున్నవాళ్ళు మెచ్చుకున్నారు. ఎవరూ కట్టలేదు. ఆయన చెరిపేద్దామనుకున్న వీధుల్లో చాలావరకు ఇప్పటికీ జనం కాపురాలున్నాయి.

ఇలాంటివి చదివినప్పుడు మనకొక అభిప్రాయం కుదిరిపోతుంది. కట్టని ప్లాన్ అంటే కాగితం, కాగితం వల్ల ఎవరికి నష్టం అని. కానీ అన్ని ప్లాన్లూ కాగితం మీద ఆగవు. కొన్ని సగం జరుగుతాయి. ఖాళీ చేయించే సగం ముందే అయిపోతుంది, కట్టే సగం ఎప్పటికీ రాదు. లాస్ ఏంజెలెస్‌లో జరిగింది అదే.

చెట్టు పేరు, గుట్ట పేరు

లాస్ ఏంజెలెస్ నగరం మధ్యభాగానికి ఉత్తరంగా, ఎలీసియన్ పార్క్ అనే గుట్టల మధ్య ఒక లోయ ఉంది. దాన్ని చావెజ్ రవీన్ అంటారు. 1840ల్లో ఆ భూమి పొందిన హూలియన్ చావెజ్ అనే ఆయన పేరు అది. ఆ లోయ చుట్టూ మూడు చిన్న ఊళ్ళు ఉండేవి: పాలో వెర్డే, లా లోమా, బిషప్. స్పానిష్‌లో పాలో వెర్డే అంటే పచ్చని చెట్టు, లా లోమా అంటే గుట్ట. మన గూడేల పేర్లు కూడా చెట్టు మీదో, వాగు మీదో, గుట్ట మీదో ఉంటాయి కదా. అలాగన్నమాట.

ఉన్నవాళ్ళు ఎక్కువ మంది మెక్సికో మూలాల కుటుంబాలు. వెయ్యికి పైగా కుటుంబాలు, సుమారు 300 ఎకరాల నేల. వాళ్ళు ఆ గుట్టల మీద ఎందుకున్నారంటే, నగరంలో మంచి చోట్ల వాళ్ళకి ఇల్లు అమ్మేవాళ్ళు కాదు. అప్పట్లో అమెరికాలో చాలా ఆస్తి దస్తావేజుల్లో, ఈ ఇల్లు తెల్లవాళ్ళకు తప్ప ఎవరికీ అమ్మకూడదు అని షరతు రాసి ఉండేది. అలాంటి షరతుల్ని కోర్టులు అమలు చేయకూడదని అమెరికా సుప్రీం కోర్టు చెప్పింది 1948లో. అంతవరకు ఎవరికీ వద్దనిపించిన గుట్టలే వీళ్ళకి దొరికాయి.

దొరికిన చోట బాగానే నిలబడ్డారు. చాలామందికి సొంత ఇళ్ళు, సొంత కాగితాలు. తమ చేతులతో కట్టుకున్న ఇళ్ళు. పెరట్లో కూరగాయలు, మేకలు, కోళ్ళు. ఊళ్ళో చర్చి, బడి. పిల్లలు అక్కడే పుట్టి, అక్కడి బడికే పోయి, అక్కడివాళ్ళనే పెళ్ళి చేసుకున్నారు. డాన్ నార్మార్క్ అనే కుర్ర ఫోటోగ్రాఫర్ 1948-49 ప్రాంతంలో అటు వెళ్ళి, ఆ ఊళ్ళు నచ్చి మళ్ళీ మళ్ళీ పోయి ఫోటోలు తీశాడు. యాభై ఏళ్ళ తర్వాత 1999లో అవి పుస్తకంగా వచ్చాయి. అంటే ఆ ఊళ్ళు ఎలా ఉండేవో సాక్ష్యం ఉంది.

నగర రికార్డుల్లో మాత్రం ఆ ఊళ్ళకి ఒకటే పేరు, మురికివాడ. నిజమే, చాలా వీధులకు రోడ్లు లేవు, కొన్ని ఇళ్ళకు లోపల మరుగుదొడ్లు లేవు. కానీ రోడ్డు వేయాల్సింది ఎవరు? నగరమే. దశాబ్దాల పాటు రోడ్డు వేయకుండా ఉండి, ఆ తర్వాత అదే నగరం వచ్చి ఇక్కడ రోడ్లు లేవు కాబట్టి ఇది ఊరు కాదు అంటుంది. ఈ లెక్క మనకు కొత్త కాదు. కరెంటు రాని గూడెం, అంబులెన్సు రాని తండా అని మన గురించి రాసినప్పుడు, తెచ్చే పని ఎవరిదో ఆ వాక్యంలో కనపడదు.

ఆదివాసీ విద్యార్థులుగా మనం ఇంకో విషయం కూడా గుర్తుపెట్టుకోవాలి. మెక్సికన్ కుటుంబాల కంటే ముందు, స్పెయిన్ వాళ్ళు 1781లో లాస్ ఏంజెలెస్ అనే ఊరు పెట్టక ముందు, ఆ నేల తోంగ్వా ఆదివాసులది. వాళ్ళ యాంగ్నా అనే పెద్ద ఊరు ఇప్పటి నగరం మధ్యలోనే ఉండేది. 1851-52లో అమెరికా ప్రభుత్వ ప్రతినిధులు కాలిఫోర్నియా ఆదివాసీ తెగలతో 18 ఒప్పందాలు రాసుకున్నారు. సెనేట్ వాటిని ఆమోదించలేదు. పైగా 1905 దాకా ఆ కాగితాలను రహస్యంగా ఉంచారు. తోంగ్వా జనానికి ఇప్పటికీ ఫెడరల్ ప్రభుత్వ గుర్తింపు లేదు. అంటే మాట ఇచ్చి కాగితం దాచేయడం ఆ నేల మీద 1950లో మొదలైంది కాదు.

మంచి మనుషులు గీసిన ప్లాన్

రెండో ప్రపంచ యుద్ధం తర్వాత అమెరికాలో ఇళ్ళ కొరత బాగా ఉంది. 1949లో అక్కడి పార్లమెంటు గృహనిర్మాణ చట్టం చేసింది. దేశమంతా 8,10,000 ప్రభుత్వ ఇళ్ళు కట్టాలని లక్ష్యం. లాస్ ఏంజెలెస్ వాటాకి 10,000 వచ్చాయి. అప్పటి మేయర్ ఫ్లెచర్ బౌరన్ ఒప్పుకున్నాడు, సిటీ కౌన్సిల్ కూడా ఒప్పుకుంది. ఎంచుకున్న స్థలాల్లో పెద్దది చావెజ్ రవీన్.

ప్లాన్ గీసింది చిన్నవాళ్ళు కాదు. రిచర్డ్ న్యూట్రా అప్పటికే ప్రపంచమంతా పేరున్న ఆర్కిటెక్టు. ఆయనతో పాటు రాబర్ట్ అలెగ్జాండర్. కాలనీ పేరు ఎలీసియన్ పార్క్ హైట్స్. పదమూడేసి అంతస్తుల టవర్లు 24, రెండంతస్తుల ఇళ్ళ వరసలు 160కి పైగా. మొత్తం మూడు వేలకు పైగా కుటుంబాలకు ఇళ్ళు. వెయ్యి కుటుంబాలున్న చోట మూడు వేలు. బడులు, చర్చిలు, ఆటస్థలాలు అన్నీ బొమ్మలో ఉన్నాయి.

హౌసింగ్ అథారిటీ తరఫున దీన్ని ముందుకు తీసుకుపోయిన మనిషి ఫ్రాంక్ విల్కిన్సన్. ఆయన్ని విలన్‌గా చూడటం సులువు. కానీ ఆయన భూమి వ్యాపారి కాదు. పేదవాళ్ళకి మంచి ఇల్లు ఉండాలని, నల్లవాళ్ళూ తెల్లవాళ్ళూ మెక్సికన్లూ ఒకే కాలనీలో కలిసి ఉండాలని నిజంగా నమ్మిన మనిషి. ఆ రోజుల్లో అలా అనడానికి ధైర్యం కావాలి.

ఇది ఎందుకు చెప్తున్నామంటే, మన దగ్గర చర్చ ఎప్పుడూ ఒక చోటే ఆగిపోతుంది. వచ్చినవాడు మంచోడా చెడ్డోడా, ఆ ఆఫీసరు మనవాడా కాదా అని. చావెజ్ రవీన్ ప్లాన్ వెనక మనిషి మంచోడే. అయినా ఊళ్ళు పోయాయి. ఎందుకంటే ఆ ప్లాన్‌లో పనుల వరస అలా ఉంది. ముందు జనం వెళ్ళాలి, తర్వాత ఇళ్ళు రావాలి. మధ్యలో ప్రభుత్వం మారితే ఏంటి? డబ్బు ఆగితే ఏంటి? ఆ ప్రశ్నకు జవాబు ప్లాన్‌లో లేదు.

1950 జులై నాటి ఉత్తరం

1950 జులై 24న ఆ మూడు ఊళ్ళ కుటుంబాలకు హౌసింగ్ అథారిటీ నుంచి ఉత్తరాలు వచ్చాయి. సారాంశం ఇది: మీరున్న చోట ప్రభుత్వ కాలనీ కడుతున్నాం. మీ ఇళ్ళు చూడటానికి మనుషులు వస్తారు. సొంత ఇల్లు ఉన్నవాళ్ళకి ధర కట్టి కొంటాం. వేరే చోట ఇల్లు వెతుక్కోవడానికి సాయం చేస్తాం. కాలనీ అయ్యాక తిరిగి వచ్చి ఉండటానికి మొదటి అవకాశం మీకే.

చివరి వాక్యం చాలామందిని కదిలించింది. మొదటి అవకాశం మీకే. ఐతే దానికి ఒక షరతు ఉంది, ప్రభుత్వ ఇంటికి అర్హులైతేనే. ఆ అర్హత నిబంధనలు ఊరివాళ్ళు రాసినవి కావు. ఇంకోటి, నిన్నటిదాకా సొంత ఇంటి యజమాని తిరిగి వచ్చేది అద్దెకుండే మనిషిగా. పట్టా ఉన్నవాడు అలాట్‌మెంట్ కాగితం ఉన్నవాడిగా మారతాడు. నిర్వాసిత కాలనీలకి వెళ్ళిన మనవాళ్ళకి ఈ తేడా ఎవరూ చెప్పక్కర్లేదు.

కొందరు అమ్మి వెళ్ళారు. పక్కింటివాళ్ళు వెళ్తుంటే ఇంకొందరు వెళ్ళారు. ఊరు సగం ఖాళీ అయ్యాక మిగతావాళ్ళకి ఉండటం కష్టం, ధర బేరమాడటం ఇంకా కష్టం. కొందరు మాత్రం కదలలేదు. 1951లో జరిగిన బహిరంగ విచారణల్లో ఊరి ఆడవాళ్ళు, మగవాళ్ళు నిలబడి మా ఇళ్ళు మురికివాడ కాదు, మేము అమ్మం అని చెప్పారు. రికార్డుల్లో ఉంది. కానీ ప్లాన్ ఆగలేదు, ఖాళీ చేయించడం ఆగలేదు. 1952, 53 నాటికి చాలా కుటుంబాలు వెళ్ళిపోయాయి.

మాట ఎలా చచ్చిపోయింది

ఊళ్ళు ఖాళీ అవుతుండగానే కాలనీకి శత్రువులు తయారయ్యారు. వాళ్ళు ఊరివాళ్ళు కాదు. రియల్ ఎస్టేట్ వ్యాపారులు, వాళ్ళ వెనక పెద్ద పత్రిక, వ్యాపార సంఘాలు. ప్రభుత్వం చవగ్గా ఇళ్ళు ఇస్తే మా అద్దెలు ఏమవుతాయన్నది వాళ్ళ బాధ. బయటికి చెప్పింది వేరే. ప్రభుత్వ ఇళ్ళంటే కమ్యూనిజం అన్నారు. అప్పుడు అమెరికాలో ఆ మాట అంటే చాలు, ఉద్యోగాలు పోయేవి.

1951 డిసెంబర్ 26న సిటీ కౌన్సిల్ 8-7 ఓట్లతో తన పాత ఒప్పందాన్నే రద్దు చేయాలని తీర్మానించింది. అలా రద్దు చేసే అధికారం మీకు లేదని కాలిఫోర్నియా సుప్రీం కోర్టు చెప్పింది. 1952 జూన్‌లో ప్రజల ఓటింగు పెడితే ప్రభుత్వ ఇళ్ళకు వ్యతిరేకంగానే ఎక్కువ ఓట్లు పడ్డాయి. అదే ఏడాది, చావెజ్ రవీన్ భూమి ధరల కేసులో సాక్షిగా వచ్చిన విల్కిన్సన్‌ని ఎదుటి లాయరు, నువ్వు ఏయే సంఘాల్లో ఉన్నావో చెప్పమన్నాడు. ఆయన చెప్పనన్నాడు. ఉద్యోగం పోయింది. తర్వాత ఇలాంటి ప్రశ్నకే పార్లమెంటరీ కమిటీ ముందు జవాబు చెప్పనందుకు 1961లో జైలుకి కూడా వెళ్ళాడు.

1953లో నోరిస్ పౌల్సన్ మేయర్‌గా గెలిచాడు. ప్రభుత్వ ఇళ్ళను ఆపడమే ఆయన ప్రచారం. ఫెడరల్ ప్రభుత్వంతో మాట్లాడి చావెజ్ రవీన్ కాలనీని రద్దు చేయించాడు. ఊరివాళ్ళ దగ్గర కొన్న ఆ భూమిని నగరం తక్కువ ధరకు తీసుకుంది. ఒకే షరతు, ఈ భూమిని ప్రజా ప్రయోజనానికే వాడాలి.

ఇక్కడ కాస్త ఆగి ఆలోచించండి. రద్దు చేసినవాళ్ళు రెండేళ్ళ పాటు మాట్లాడింది సొంత ఆస్తి హక్కు గురించి. ప్రభుత్వం జనం ఇళ్ళు లాక్కోవడం అన్యాయం అని అన్నారు. ఊరివాళ్ళ కన్నీళ్ళు కూడా వాళ్ళ ప్రచారానికి పనికొచ్చాయి. మరి గెలిచాక ఏం చేయాలి? కాలనీ లేదు కాబట్టి భూమి తిరిగి తీసుకోండి అనాలి కదా. ఎవరూ అనలేదు. ఆ మాట అనే చట్టమూ లేదు. మన పోరాటానికి మద్దతుగా వచ్చే ప్రతి ఒక్కరూ మన కోసమే రారు. ప్లాన్ ఆగడం వరకే వాళ్ళ అవసరం, మన భూమి మనకు రావడం మన అవసరం. ఈ రెండూ ఒకటి కాదని ముందే తెలుసుకుని ఉండాలి.

ఖాళీ భూమికి కొత్త యజమాని

కొన్నేళ్ళు ఆ గుట్టలు అలాగే ఉన్నాయి. కొద్ది కుటుంబాలు మాత్రం కదలకుండా ఉన్నాయి. ఇంతలో అమెరికా అవతలి కొసన న్యూయార్క్‌లో, బ్రూక్లిన్ డాడ్జర్స్ అనే బేస్‌బాల్ జట్టు యజమాని వాల్టర్ ఒమాలీ కొత్త స్టేడియం కోసం చోటు వెతుకుతున్నాడు. లాస్ ఏంజెలెస్ నాయకులు ఆయన్ని పిలిచారు. 1957 అక్టోబర్‌లో సిటీ కౌన్సిల్ 10-4 ఓట్లతో ఒప్పందం ఆమోదించింది. ఒమాలీ తన దగ్గరున్న రిగ్లీ ఫీల్డ్ అనే తొమ్మిది ఎకరాల పాత స్టేడియం నగరానికి ఇస్తాడు. బదులుగా నగరం చావెజ్ రవీన్‌లో సుమారు 300 ఎకరాలు ఆయనకిస్తుంది.

మరి ప్రజా ప్రయోజనం అనే షరతు? దాని మీదే గొడవ. 1958 జూన్‌లో ప్రజల ఓటింగు పెట్టారు. ఓటింగుకి ముందు టీవీలో సినిమా తారలతో గంటల తరబడి కార్యక్రమం నడిపారు. ఒప్పందం సుమారు 52 శాతం ఓట్లతో గట్టెక్కింది. తర్వాత కోర్టుకు వెళ్ళారు. 1959 జనవరిలో కాలిఫోర్నియా సుప్రీం కోర్టు ఒప్పందం చెల్లుతుందని తీర్పిచ్చింది. పేదల ఇళ్ళ కోసం అని తీసుకున్న నేల అలా ఒక ప్రైవేటు జట్టు చేతికి వెళ్ళింది.

1959 మే 8న షెరిఫ్ మనుషులు మిగిలిన ఇళ్ళ దగ్గరికి వచ్చారు. అందులో అరెచిగా కుటుంబం ఇల్లు ఒకటి. ముప్పై ఏళ్ళకు పైగా అక్కడున్న కుటుంబం. కోర్టు వాళ్ళ ఇంటికి కట్టిన ధర 10,050 డాలర్లు. అది న్యాయమైన ధర కాదని వాళ్ళు ఆ డబ్బు ముట్టలేదు. టీవీ కెమెరాల ముందే తలుపులు బద్దలుకొట్టారు. నడిచి బయటికి రానన్న ఆ ఇంటి కూతుర్ని నలుగురు కాళ్ళూ చేతులూ పట్టుకుని మెట్ల మీద నుంచి మోసుకొచ్చారు. ఆ ఫోటో ఇప్పటికీ ఉంది. కాసేపటికే బుల్డోజర్ ఇంటిని నేలమట్టం చేసింది. ఆ కుటుంబం అక్కడే టెంట్ వేసుకుని కొన్ని రోజులు కూర్చుంది.

జనం మొదట అయ్యో అన్నారు. సిటీ కౌన్సిల్‌లో ఎడ్వర్డ్ రాయ్‌బల్ అనే మెక్సికన్ మూలాల సభ్యుడు వాళ్ళ తరఫున గట్టిగా మాట్లాడాడు. అంతలో పత్రికలు, ఈ కుటుంబానికి వేరే చోట్ల కూడా ఇళ్ళున్నాయి అని రాశాయి. అంతే, సానుభూతి తిరగబడింది. ప్రశ్న మాత్రం ఎక్కడిదక్కడే ఉంది. వేరే చోట ఇల్లు ఉంటే ఈ ఇంటి మీద హక్కు పోతుందా? మనవాళ్ళ విషయంలోనూ అంతే. చినిగిన బట్టలతో ఉంటేనే ఆదివాసీ, బండి కొనుక్కుంటే వీడికేం తక్కువ అంటారు. భూమి హక్కుకీ మన పేదరికానికీ సంబంధం లేదు. హక్కు జాలి మీద ఆధారపడితే, జాలి పోయిన రోజు హక్కు కూడా పోతుంది.

1962 ఏప్రిల్ 10న డాడ్జర్ స్టేడియం తెరిచారు. 56,000 మంది పట్టే స్టేడియం, చుట్టూ గుట్టలు చదును చేసి పరిచిన పార్కింగ్. పాలో వెర్డే బడిని కూల్చకుండా పైకప్పు తీసేసి మట్టితో పూడ్చేశారని, ఆ గోడలు ఇప్పటికీ పార్కింగ్ కింద ఉన్నాయని అక్కడివాళ్ళు చెప్తారు. పిల్లలు అక్షరాలు నేర్చుకున్న గదుల పైన కార్లు ఆగుతున్నాయి.

ఊరివాళ్ళు తమని లాస్ దెస్తెరాదోస్ అని పిలుచుకుంటారు. స్పానిష్‌లో, నేల నుంచి వెళ్ళగొట్టబడినవాళ్ళు అని. ఏటా ఎలీసియన్ పార్క్‌లో కలిసి వండుకుని తింటారు, పాత ఫోటోలు పంచుకుంటారు. 2024లో కాలిఫోర్నియా శాసనసభ, వాళ్ళ నష్టపరిహారం సంగతి తేల్చడానికి ఒక కమిటీ వేయాలని బిల్లు పాస్ చేసింది. గవర్నర్ గవిన్ న్యూసమ్ ఆ సెప్టెంబర్‌లో దాన్ని వీటో చేశాడు. ఇది స్థానికంగా చూసుకోవాల్సిన పని అన్నాడు. 1950లో ఉత్తరం పంపినవాళ్ళు ఎవరూ ఇప్పుడు ఆఫీసుల్లో లేరు. ఉత్తరం మాత్రం ఉంది. ఇన్నేళ్ళ తర్వాత కూడా వాళ్ళ పిల్లలు, మనవలు మాకు మాట ఇచ్చారు అని చెప్పగలుగుతున్నారంటే ఆ కాగితం మిగిలి ఉండబట్టే.

మన చట్టంలో ఒక చిన్న మాట

ఇప్పుడు మన దగ్గరికి వద్దాం. చావెజ్ రవీన్‌లో మూడు తప్పులు జరిగాయి. ఒక పనికి తీసుకున్న భూమిని ఇంకో పనికి వాడారు. వాడకుండా ఏళ్ళ తరబడి ఉంచినా తిరిగి ఇవ్వలేదు. చేతులు మారినప్పుడు పాతవాళ్ళకి ఏమీ దక్కలేదు. మన దేశంలో 2013 భూసేకరణ చట్టం ఈ మూడింటి గురించీ మాట్లాడుతుంది. లా చదివే మిత్రులే కాదు, అందరూ ఈ సెక్షన్ల నంబర్లు గుర్తుపెట్టుకోవాలి.

సెక్షన్ 99 ప్రకారం, ఏ పని కోసం భూమి తీసుకున్నారో దాన్ని మార్చకూడదు. అనుకోని పరిస్థితుల వల్ల ఆ పనికి భూమి పనికిరాకుండా పోతే, ఇంకో ప్రజా ప్రయోజనానికి వాడొచ్చని మినహాయింపు ఉంది.

సెక్షన్ 102 ప్రకారం, ఏ అభివృద్ధీ చేయకుండానే ఆ భూమిని ఇంకొకరికి డబ్బు తీసుకుని బదలాయిస్తే, పెరిగిన విలువలో 40 శాతం మొదట భూమి ఇచ్చినవాళ్ళకు లేదా వాళ్ళ వారసులకు పంచాలి.

సెక్షన్ 101 మనకు అన్నిటికంటే ముఖ్యం. స్వాధీనం చేసుకున్న రోజు నుంచి ఐదేళ్ళు భూమి వాడకుండా ఉంటే, దాన్ని అసలు యజమానులకు లేదా వాళ్ళ వారసులకు తిరిగి ఇవ్వాలి, లేదా ప్రభుత్వ ల్యాండ్ బ్యాంకుకు చేర్చాలి. చూడటానికి బాగానే ఉంది. కానీ ఆ రెండో "లేదా" చూడండి. యజమానికి ఇవ్వాలి, లేదా ల్యాండ్ బ్యాంకు. ఎటు పోవాలో తేల్చేది ప్రభుత్వం. ఆ ఒక్క మాట మీద ఒక ఊరి బతుకు ఆధారపడి ఉంటుంది.

అది ఎలాగో మన పక్కనే చూశాం. ఛత్తీస్‌గఢ్ బస్తర్ జిల్లాలో లోహండీగూడ. 2005లో టాటా స్టీల్ అక్కడ ఉక్కు ఫ్యాక్టరీ కోసం రాష్ట్ర ప్రభుత్వంతో ఒప్పందం చేసుకుంది. పది గ్రామాల్లో సుమారు 1,700 మంది రైతుల భూమి సేకరించారు. ఎక్కువ మంది ఆదివాసులే. ఫ్యాక్టరీ రాలేదు. 2016లో కంపెనీ వెనక్కి తగ్గింది. భూమి ఊరివాళ్ళకి రాలేదు, ల్యాండ్ బ్యాంకులోకి వెళ్ళింది. ఊరివాళ్ళు వదల్లేదు. 2018 ఎన్నికల్లో అది పెద్ద విషయం అయింది, ప్రభుత్వం మారింది. 2019 ఫిబ్రవరిలో రైతులకు భూమి కాగితాలు తిరిగి ఇచ్చారు. ఆ సేకరణ జరిగింది పాత 1894 చట్టం కింద. అంటే సెక్షన్ 101 దానంతట అది వాళ్ళకి భూమి తెచ్చిపెట్టలేదు. పది ఊళ్ళు పదేళ్ళకు పైగా ఒకే మాట మీద ఉండటం వల్ల వచ్చింది.

చావెజ్ రవీన్‌కీ లోహండీగూడకీ తేడా ఏంటి అని మాలో చాలా చర్చ జరిగింది. మాకు కనపడింది ఇది: లోహండీగూడలో జనం దగ్గర్లోనే ఉన్నారు. భూమి కాగితం మీద పోయినా మనుషులు చెల్లాచెదురు కాలేదు. లాస్ ఏంజెలెస్‌లో వెయ్యి కుటుంబాలు నగరమంతా చెదిరిపోయాయి. ప్లాన్ రద్దు అయిన రోజున, మా భూమి మాకివ్వండి అని అడగడానికి ఒక్క చోట నిలబడ్డ ఊరు అంటూ మిగల్లేదు. ఫ్యాక్టరీ గానీ, డ్యాం గానీ, కాలనీ గానీ వస్తుందో రాదో ఎవరూ చెప్పలేరు. ఊరు విడిపోతే మాత్రం మళ్ళీ ఊరుగా అవ్వడం దాదాపు జరగదు.

కాబట్టి మన ఊళ్ళకి సర్వే రాళ్ళు వచ్చినప్పుడు, ఎయిర్‌పోర్టు అన్నా, టూరిజం అన్నా, కొత్త టౌన్ అన్నా, గ్రామసభలో అడగాల్సినవి ఇవి. షెడ్యూల్డ్ ప్రాంతాల్లో భూసేకరణకు గ్రామసభ ముందస్తు సమ్మతి ఉండాలని అదే చట్టం సెక్షన్ 41 చెప్తుంది. ఆ సమ్మతి అడిగే రోజే వీటిని అడగాలి:

ముందు ఏది జరుగుతుంది, మేము వెళ్ళడమా, మాకు ఇళ్ళు కట్టడమా?

ప్రాజెక్టు ఆగిపోతే భూమి ఎవరికి వెళ్తుంది, మాకా, ల్యాండ్ బ్యాంకుకా? అది తీర్మానంలో రాస్తారా?

తిరిగి వచ్చే హక్కు ఉందంటే, యజమానిగానా, అద్దెకుండేవాడిగానా? అర్హత ఎవరు నిర్ణయిస్తారు?

మమ్మల్ని పంపిస్తే అందరినీ ఒకే చోటికి పంపుతారా, తలో చోటికా?

జవాబులు నోటితో కాదు, తీర్మానం పుస్తకంలో రాయించాలి. పైన చెప్పిన సెక్షన్లకు రాష్ట్రాలు సవరణలు చేసుకోవచ్చు. కాబట్టి మీ రాష్ట్రంలో ఇప్పుడు అమల్లో ఉన్న పాఠం తెచ్చుకుని చదవండి. మన గ్రూపులో లా చదివే అన్నలు, అక్కలు ఉన్నారు, వాళ్ళని అడగండి.

చివరిగా ఒక పని. ఈ సెలవులకి ఇంటికి వెళ్ళినప్పుడు, తాతనో నాయనమ్మనో అడిగి ఇంట్లో ఉన్న పాత కాగితాలన్నీ తీయించండి. పట్టా, నోటీసు, సర్వే స్లిప్పు, చెక్కు జిరాక్సు, ఆఫీసు నుంచి వచ్చిన ఏ ఉత్తరమైనా సరే. వెలుతురులో పెట్టి రెండు వైపులా ఫోటో తీయండి. ఎప్పుడు వచ్చింది, ఎవరు తెచ్చారు, తెచ్చినవాళ్ళు నోటితో ఏం చెప్పారు అనేది పెద్దవాళ్ళని అడిగి ఒక నోటుబుక్కులో రాసిపెట్టుకోండి. చావెజ్ రవీన్ మనవలకి ఇవాళ చేతిలో మిగిలింది ఆ 1950 జులై ఉత్తరం. మన ఇళ్ళల్లో అలాంటి ఉత్తరాలు ట్రంకు పెట్టెల అడుగున ఎన్ని ఉన్నాయో మనకే తెలియదు. చెదలు పట్టకముందే తీయండి.

జోహార్.